పర్షియా తీరాన ఆఫ్రికా సంతతి

పర్షియా సింధుశాఖ ఉత్తర తీరం వెంబడి, ఖూజిస్తాన్ మొదలుకొని బుషెహర్, హొర్మొజ్గాన్‌ల మీదుగా బలూచిస్తాన్ దాకా ఉన్న రేవు పట్టణాలలోనూ, వాటి వెనుకనున్న ఖర్జూరపు తోటల గ్రామాలలోనూ ఆఫ్రికా మూలాలున్న ఇరానీయులు తరతరాలుగా నివసిస్తున్నారు. బందర్ అబ్బాస్, మీనాబ్, కెష్మ్ ద్వీపం, బందర్ లెంగే, చాబహార్ పరిసరాలు వీరికి నెలవు. వీరి ఇంటి భాష ఆయా ప్రాంతాల పారసీక మాండలికమో, బలూచీయో, అరబ్బీయో తప్ప ఆఫ్రికా భాష కాదు. మతరీత్యా వీరు ముస్లింలు. పడమటి తీరంలో ఎక్కువగా షియాలు, తూర్పున ఎక్కువగా సున్నీలు. చర్మపు రంగును బట్టి మనుషులను లెక్కించే ఆనవాయితీ ఇరాన్ జనగణనలో లేదు గనుక వీరికంటూ ప్రత్యేకమైన అంకె ఏదీ లేదు. అంకె లేకపోయినా ఇబ్బంది లేదు గాని, చరిత్రలో చోటు లేకపోవడం చిన్న లోటు కాదు. బానిసత్వాన్ని చట్టం రద్దు చేసిన నాటినుంచి దాని జ్ఞాపకం కూడా రద్దయిపోయినట్లే భావించే ధోరణి ఇరాన్ విద్యావంతులలో చాలాకాలం సాగింది. తీరప్రాంతపు డప్పు, పూనకం, రాజధాని వీధి నాటకం మాత్రం ఆ జ్ఞాపకాన్ని వదిలిపెట్టలేదు.

ఇరాన్‌కూ ఆఫ్రికాకూ మధ్య సంబంధం ప్రాచీనమైనది. పెర్సెపొలిస్‌లోని అపదాన సభామండపపు మెట్ల గోడలపై చెక్కిన కానుకల ఊరేగింపులో, నైలు నది ఎగువ ప్రాంతమైన కుష్ దేశంనుంచి వచ్చిన ప్రతినిధులు ఏనుగు దంతంతోనూ, జిరాఫీని పోలిన ఒక జంతువుతోనూ కనిపిస్తారు. సూసాలో తాను కట్టించిన భవనానికి దంతం కుష్ నుంచీ, సింధు ప్రాంతంనుంచీ తెప్పించినట్లు మొదటి డరయస్ తన శాసనంలో చెప్పుకున్నాడు. ఇది చక్రవర్తికి అందిన కప్పపు చరిత్ర మాత్రమే. నేటి తీరవాసుల పూర్వులను ఈ శిల్పాలలో వెతకడం వల్ల ప్రయోజనం లేదు.

మధ్యయుగంలో పరిస్థితి వేరు. తూర్పు ఆఫ్రికా తీరపు జనాన్ని అరబ్బులు జంజ్ అని పిలిచేవారు. అబ్బాసీ ఖలీఫాల కాలంలో దక్షిణ ఇరాక్‌లోని ఉప్పు తేలిన నేలలను సాగుకు తెచ్చేందుకు, పైపొరను తవ్వి గుట్టలుగా పోసే పనికి ఈ బానిసలను పెద్ద సంఖ్యలో దించారు. 869లో వారు తిరగబడ్డారు. వారికి నాయకత్వం వహించిన అలీ ఇబ్న్ ముహమ్మద్ నల్లజాతివాడు కాదు. నేటి టెహ్రాన్‌కు సమీపంలోని రయ్ ప్రాంతంలో పుట్టినవాడని చరిత్రకారులు చెబుతారు. తిరుగుబాటుదారులు 871లో బస్రాను దోచుకొని, ఖూజిస్తాన్‌లోని అహ్వాజ్ దాకా చొచ్చుకువచ్చి, ముఖ్తారా అనే రాజధానిని కట్టుకొని, 883 వరకు ఖలీఫా సేనలను ఎదిరించారు. నేటి ఖూజిస్తాన్ నల్లజాతి కుటుంబాలను ఈ వీరుల వారసులుగా చూపాలన్న ఉత్సాహం కొందరిలో కనిపిస్తుంది గాని, మధ్యలో ఉన్న వెయ్యేళ్లను కలిపే ఆధారం లేదు. నేటి జనాభాలో అధిక భాగం 18, 19వ శతాబ్దాలలో వచ్చినవారి సంతతే.

రాకపోకలు ఒక దిశలోనే సాగలేదని కూడా గుర్తించాలి. కిల్వా, జంజిబార్ ప్రాంతాల స్వాహిలీ కుటుంబాలలో కొన్ని తమను తాము షిరాజీలమని, అంటే ఇరాన్‌లోని షిరాజ్ నుంచి వచ్చిన వర్తకుల సంతానమని చెప్పుకుంటాయి. దీనిని గొప్పకోసం అల్లిన కథగా చాలామంది పండితులు కొట్టిపారేశారు. అయితే మధ్యయుగపు స్వాహిలీ పట్టణాల సమాధులలోని అస్థికల జన్యు పరిశీలన ఫలితాలు 2023లో వెలువడినప్పుడు, క్రీ.శ. 1000 ప్రాంతంనుంచే అక్కడ ఆఫ్రికా స్త్రీలకూ, పారసీక మూలాలున్న పురుషులకూ పుట్టిన సంతతి ఉన్నట్లు తేలింది. పర్షియానుంచి పోయినవారు వర్తకులుగా పోయి అక్కడ కులీనులయ్యారు. ఆఫ్రికానుంచి వచ్చినవారిలో అత్యధికులు సరుకుగా వచ్చారు. ఒకే సముద్రానికి ఇరువైపులా ఉన్న ఈ రెండు జనసమూహాల గతి ఇంత భిన్నంగా ఉండటానికి కారణం ఇదే.

ఈ బానిస వ్యాపారాన్ని నడిపినవి రుతుపవనాలు. చలికాలపు ఈశాన్య పవనాలను పట్టుకొని ఖర్జూరం, ఎండుచేపలు, బట్టలతో తూర్పు ఆఫ్రికాకు వెళ్లిన తెరచాప ఓడలు, వేసవిలో నైరుతి పవనాలు మొదలు కాగానే దంతం, లవంగం, ఇళ్ల కప్పులకు వాడే మడకర్రలతో పాటు మనుషులను ఎక్కించుకొని ఒమన్‌లోని సూర్, మస్కట్ రేవులకు చేరేవి. అక్కడ చేతులు మారిన బానిసలు చిన్న పడవలలో బుషెహర్, లెంగే, బందర్ అబ్బాస్‌లకు వచ్చేవారు. పోర్చుగీసువారు హొర్మూజ్ ద్వీపాన్ని ఏలిన కాలంలోనూ, 1622లో షా అబ్బాస్ ఆంగ్లేయుల ఓడల సాయంతో దాన్ని గెలిచాక సఫవీ రాజుల కాలంలోనూ ఈ రవాణా ఉన్నదే గాని, అది ఉధృతమైంది ఒమన్ సుల్తానుల హయాంలోనే. 18వ శతాబ్దం చివరినుంచి 1868 వరకు బందర్ అబ్బాస్ రేవు ఇరాన్ పాలకులనుంచి కౌలుకు తీసుకున్న ఒమన్ చేతిలో ఉంది. అదే ఒమన్ సుల్తాను సయ్యద్ సయీద్ తన నివాసాన్ని జంజిబార్‌కు మార్చుకొని అక్కడ లవంగ తోటలు వేయించాడు. బానిసలను పట్టే చోటూ, దించే చోటూ ఒకే రాజవంశపు పలుకుబడిలోకి రావడంతో మధ్యలో అడ్డు లేకుండా పోయింది.

ఇరాన్ లోపలి కారణం కూడా ఒకటుంది. అంతకుముందు రాజాస్థానానికీ, సంపన్నుల ఇళ్లకూ కావలసిన బానిసలు ఎక్కువగా కాకసస్ పర్వత ప్రాంతంనుంచి, జార్జియా, సర్కాసియా జాతులనుంచి వచ్చేవారు. రష్యాతో జరిగిన రెండు యుద్ధాలలో ఓడిపోయి 1813లో గులిస్తాన్, 1828లో తుర్క్‌మన్‌చాయ్ సంధులపై సంతకం చేయవలసి వచ్చిన కజార్ వంశపు రాజులు ఆ భూములతోపాటు ఆ సరఫరానూ పోగొట్టుకున్నారు. ఉత్తరాన మూసుకుపోయిన దారికి బదులుగా దక్షిణపు సముద్రం తెరుచుకుంది. ఇరాన్‌లో బానిస అనే మాట నల్లటి మనిషికి దాదాపు పర్యాయపదమైపోవడం ఆ తరువాతి మాటే.

తీరంలో వీరు చేసిన పని శ్రమతో కూడినది. ముత్యాల కోసం నీట మునగడం, వలలు లాగడం, మీనాబ్ తోటలలో ఖర్జూరపు చెట్లెక్కి గెలలు దించడం, ఓడల సరుకు మోయడం, ఇళ్లకు నీళ్లు తోడటం, బలూచీ సర్దారుల పొలాలలో సేద్యం చేయడం వంటివన్నీ వీరి పాలబడ్డాయి. షిరాజ్, ఇస్ఫహాన్, టెహ్రాన్ వంటి లోపలి నగరాలకు చేరినవారిలో స్త్రీలు ఎక్కువ. వారు వంటవారుగా, పిల్లలను పెంచే దాదులుగా, కొందరు యజమాని ఉంపుడుగత్తెలుగా జీవించారు. దాదిని దదా అని పిలిచేవారు. చిన్ననాటనే వృషణాలు తీసివేయబడిన పురుషులు ఖ్వాజాలన్న పేరుతో అంతఃపుర కాపలాకు నియమితులయ్యేవారు. యజమానులు పెట్టిన పేర్లలో ఒక వింత అభిరుచి కనిపిస్తుంది: అల్మాస్ అంటే వజ్రం, యాఖూత్ అంటే కెంపు, అంబర్ అంటే సుగంధద్రవ్యం, ఫిజ్జా అంటే వెండి, కాఫూర్ అంటే కర్పూరం. నల్లటి మనిషిని కర్పూరమని పిలవడంలోని పరిహాసం ఎవరి వినోదానికో చెప్పనక్కరలేదు.

కజార్ రాజు నాసిరుద్దీన్ షాకు ఫోటోలు తీయడం సరదా. ఆయన కాలపు చిత్రాలలో రాకుమారుల పక్కన నిలబడిన ఖ్వాజాలు, ఒళ్లో పసిబిడ్డతో కూర్చున్న నల్ల దాదులు వందేళ్ల తరువాత కూడా సూటిగా మనవైపు చూస్తుంటారు. చాలా చిత్రాలలో బిడ్డ పేరు తెలుస్తుంది, దాది పేరు తెలియదు. ఆ షా కుమార్తె తాజ్ అల్ సల్తనే 1914లో రాసిన స్వీయచరిత్రలో తనను పెంచిన నల్ల దాదిని కన్నతల్లికంటె మిన్నగా ప్రేమించినట్లు చెప్పుకొన్నది. రాజబిడ్డ దాది నల్లగానే ఉండాలన్న ఆచారం కేవలం దర్పం కోసం ఏర్పడిందని, దేవుడు రంగులో తప్ప మరెందులోనూ వేరుగా పుట్టించని మనుషులను ఆస్తిగా చూశారని ఆమె నిష్ఠూరంగా రాసింది. ఇరాన్ బానిసత్వం ఇంటి మనుషులతో కలిసిపోయిన మెత్తని బానిసత్వమని, అమెరికా తోటలలోని క్రౌర్యం ఇక్కడ లేదని చెప్పే వాదానికి ఆ అంతఃపురంలోనే పెరిగిన స్త్రీ ఇచ్చిన ఈ సాక్ష్యం చాలావరకు సమాధానం. ప్రేమ ఉండవచ్చు, కాని దదాకు ఆ ఇల్లు విడిచిపోయే హక్కు లేదు.

పేరు మిగిలిన కొద్దిమందిలో షిరాజ్ నగరపు ఇద్దరు ముఖ్యులు. 1844లో కొత్త మతోద్యమాన్ని ప్రారంభించి బాబ్‌గా ప్రసిద్ధుడైన సయ్యద్ అలీ ముహమ్మద్ అనే వర్తకుని ఇంట హాజీ ముబారక్, ఫిజ్జా ఖానుమ్ అనే ఆఫ్రికా సేవకులు ఉండేవారు. బాబ్ తన సందేశాన్ని తొలి శిష్యునికి వెల్లడించిన రాత్రి ఆ అతిథికి తలుపు తీసినవాడు ఈ హబ్షీ, అంటే ఇథియోపియా, సేవకుడేనని ఆ మతస్థుల చరిత్ర గ్రంథం చెబుతుంది. భక్తుల రచనలలో దొరికే ఇటువంటి తునకలను కూర్చి ఆంథొనీ లీ అనే చరిత్రకారుడు 2012లో ఫిజ్జా ఖానుమ్ జీవితాన్ని పునర్నిర్మించే ప్రయత్నం చేశాడు. ఒక మతస్థాపకుని ఇంట ఉండటం వల్లనే ఆమె పేరు నిలిచింది; పొరుగింటి బానిసకు ఆ అదృష్టం లేదు.

ఈ వ్యాపారంపై నిషేధం బ్రిటన్ ఒత్తిడితో మొదలైంది. ఆఫ్రికా బానిసలను సముద్ర మార్గాన దిగుమతి చేయరాదని కజార్ రాజు మహమ్మద్ షా 1848లో ఫర్మానా, అంటే రాజాజ్ఞ జారీ చేశాడు. బానిసల విక్రయాన్ని మతం పూర్తిగా నిషేధించలేదు గనుక తానెలా నిషేధిస్తానని అంతకుముందు వాదించిన షా, చివరకు సముద్రం దాకా ఒప్పుకొని భూమార్గాన్ని వదిలేశాడు. హజ్ యాత్రకు వెళ్లినవారు మక్కా సంతలో కొన్న బానిసలను ఎడారి దారిన వెంట తెచ్చుకోవడం ఆ సందులోంచే సాగింది. ఇరాన్ ఓడలను సోదా చేసే అధికారాన్ని ఆంగ్ల నౌకలకు 1851 ఒప్పందం ఇచ్చింది, 1882 ఒప్పందం దానిని విస్తరించింది, 1890లో బ్రస్సెల్స్ అంతర్జాతీయ ఒడంబడికపై ఇరాన్ కూడా సంతకం చేసింది. ఆఫ్రికానుంచి సరఫరా తగ్గినకొద్దీ వ్యాపారులు కొత్త ఎరను వెతుక్కున్నారు: 19వ శతాబ్దం చివరా, 20వ శతాబ్దం మొదటా బలూచిస్తాన్‌లోని మక్రాన్ తీరపు పేద బలూచీలనూ, అప్పటికే స్థిరపడిన నల్లజాతి కుటుంబాల పిల్లలనూ ఎత్తుకుపోయి అరేబియా వైపు అమ్మారు. దిగుమతి చేసుకున్న దేశమే ఎగుమతి చేసే దేశంగా మారింది. బానిసత్వాన్ని పూర్తిగా రద్దు చేసిన చట్టాన్ని ఇరాన్ పార్లమెంటు 1929 ఫిబ్రవరిలో ఆమోదించింది. ఇరాన్ నేలమీదనో, జలాలలోనో అడుగుపెట్టిన బానిస తక్షణం స్వతంత్రుడని, మనిషిని కొన్నా అమ్మినా ఒకటి నుంచి మూడేళ్ల ఖైదు అని ఆ చట్టం చెప్పింది. నిన్నటిదాకా ఉన్నవారికి భూమి గాని, పరిహారం గాని ఇచ్చే మాట అందులో లేదు. అందువల్ల చాలామంది పాత యజమానుల తోటలలోనే పాలుకు పనిచేస్తూ ఉండిపోయారు. ఇంటిపేర్లు తప్పనిసరి అయినప్పుడు కొందరు జంగీ, జంగబారీ వంటి పూర్వదేశపు గుర్తులను పేరులోకి తెచ్చుకున్నారు. మరికొందరు అదే గుర్తును దాచుకున్నారు.

వీరి సంస్కృతిలో అన్నిటికంటె గాఢమైనది జార్ ఆచారం. ఇథియోపియా, సూడాన్, ఈజిప్టులలోనూ ఉన్న ఈ ఆచారం ప్రకారం మనిషికి కలిగే కొన్ని వ్యాధులకు కారణం అతనిలో ప్రవేశించిన బాద్, అంటే గాలి. తెలుగు పల్లెలలో గాలి సోకిందని, పూనకం వచ్చిందని అనేవారికి దీని తీరు తేలికగానే అర్థమవుతుంది. టెహ్రాన్ విశ్వవిద్యాలయానికి చెందిన సామాజిక పరిశోధన సంస్థ తరఫున తీరమంతా తిరిగిన గులాం హుసేన్ సయేదీ, వృత్తిచేత మనోవైద్యుడు, ప్రవృత్తిచేత కథారచయిత, 1966లో వెలువరించిన అహ్లె హవా అనే గ్రంథంలో దీనిని సవిస్తరంగా వర్ణించాడు. ఆ పేరుకు గాలి పట్టిన జనమని అర్థం.

వైద్యులూ, మందులూ పనిచేయనప్పుడు రోగిని బాబా జార్ లేదా మామా జార్ అనే గురువు దగ్గరకు తీసుకువెళతారు. రోగిని కొన్నాళ్లు, సాధారణంగా ఏడు రోజులు, ఊరికి దూరంగా, కుదిరితే సముద్రపు ఒడ్డున పాకలో ఒంటరిగా ఉంచి, మూలికల ముద్దను ఒంటికి పూసి, కొంత తాగించి, చివరి రోజున స్నానం చేయిస్తారు. తరువాత వెదురు బెత్తం పట్టుకొన్న ఒక స్త్రీ ఇంటింటికీ వెళ్లి ఆటకు రమ్మని పిలుస్తుంది. ఆ కార్యక్రమాన్ని ఆట అనే అంటారు. మొదెందో అనే పెద్ద డోలును మధ్యలో నిలబెట్టి, దాని ముందు ధూపం వేసి, మరి రెండు డోళ్ల తోడుతో వాయిస్తూ పాడతారు. తలపై బట్ట కప్పుకొని కూర్చున్న రోగి ఏ పాటకు ఊగడం మొదలుపెడతాడో ఆ పాటను బట్టి గాలి జాతి తెలుస్తుంది. అప్పుడు గురువు ఆ గాలిని పలకరించి, నీ పేరేమిటి, ఎక్కడినుంచి వచ్చావు, ఏం కావాలి అని అడుగుతాడు. అది స్వాహిలీలోనో, అరబ్బీలోనో, హిందీలోనో పలుకుతుందని నమ్మకం. ఉంగరమో, వెదురు బెత్తమో, బలిచ్చిన మేక రక్తమో కోరుతుంది. గాలి పూర్తిగా వదిలిపోదు, శాంతిస్తుంది. రోగి ఆనాటినుంచి ఆ సమూహంలో సభ్యుడై శుభ్రమైన బట్టలు కట్టుకోవాలి, మద్యం ముట్టరాదు, శవాన్ని తాకరాదు.

గురువులలో పేరుమోసినవారు ఎక్కువగా నల్లవారేననీ, గాలి పట్టేది ఎక్కువగా పేదలకూ, జాలర్లకూ, నావికులకేననీ సయేదీ గమనించాడు. పగలంతా ఇతరుల మాట వినవలసిన మనిషి ఆ రాత్రి ఆటలో తన మాట ఇతరులచేత వినిపించుకోగలిగాడు. స్వాహిలీ మరచిపోయిన ఊళ్లో స్వాహిలీ ముక్కలు ఈ పాటలలోనే బతికాయి. 1969లో దర్శకుడు నాసిర్ తఖ్వాయీ బందర్ లెంగేలో చిత్రించిన బాదె జిన్ అనే లఘుచిత్రం, కవి అహ్మద్ షాంలూ వ్యాఖ్యానంతో, ఈ ఆచారాన్ని రాజధాని ప్రేక్షకులకు తొలిసారి దగ్గరగా చూపిన వాటిలో ఒకటి.

సంగీతంలో ఈ ముద్ర ఇంకా విస్తారం. బుషెహర్‌లో ముహర్రం ఊరేగింపు ముందు మోగే దమ్మామ్ డోళ్లు, తాళాలు, కొమ్ముబూరల మేళానికి మూలం ఆఫ్రికా అని అక్కడివారే చెప్పుకుంటారు. షియాల శోకయాత్రలో తూర్పు ఆఫ్రికా లయ వినిపించడం ఆ తీరపు ప్రత్యేకత. బలూచిస్తాన్‌లో వలయంగా తిరుగుతూ ఆడే లేవా నృత్యం కరాచీలోని ఆఫ్రికా సంతతి షీదీలకూ, ఒమన్ నల్లజాతివారికీ ఉమ్మడి సొత్తు. మేకతోలు సంచిలో గాలి నింపి వాయించే నెయ్ అంబాన్‌ను ఒళ్లంతా ఊగిస్తూ ప్రపంచ వేదికలపై వినిపించిన సయీద్ షంబెజాదే 1968లో బుషెహర్‌లో పుట్టిన, ఆఫ్రికా మూలాలున్న కళాకారుడు.

ఇదే సముద్రపు బానిస వ్యాపారం దక్కనుకూ చేరింది. అహ్మద్‌నగర్ రాజ్యాన్ని శాసించి 1626లో మరణించిన మాలిక్ అంబర్ అనే హబ్షీ సేనాని పేరులోనూ ఇరాన్‌లో బానిసలకు పెట్టే అంబరే ఉంది. వనపర్తి సంస్థానంనుంచి నిజాం కొలువుకు చేరిన ఆఫ్రికా సంతతి సిద్దీ ఆశ్వికుల వల్లనే హైదరాబాదులో ఏసీ గార్డ్స్ పేటకు, ఆఫ్రికన్ కావల్రీ గార్డ్స్ అన్న అర్థంలో, ఆ పేరు వచ్చింది. పెళ్లి ఊరేగింపులలో మోగే మర్ఫా మేళంలో వారి వాటా ఉంది. అయితే దక్కనులో హబ్షీ సైనికుడు సేనాని కాగలిగాడు, రాజ్యాన్ని నడపగలిగాడు; కజార్ ఇరాన్‌లో ఎంత పలుకుబడి గల నల్ల ఖ్వాజా అయినా అంతఃపుర గోడ దాటి అధికారం సంపాదించడం అరుదు. అందుకే దక్కనులో వీరి చరిత్ర కోటల పేర్లతో మిగిలింది, ఇరాన్‌లో మిగలలేదు.

ఇరాన్ నగరాలు నల్లవాణ్ణి గుర్తుంచుకొన్నది హాస్యంలో. నౌరోజ్ కొత్త సంవత్సరానికి ముందు ఎర్రబట్టలు కట్టి, ముఖానికి మసి పూసుకొని, కంజిర వాయిస్తూ యజమానిని నవ్వమని బతిమాలే హాజీ ఫిరూజ్ అనే వేషగాడు వీధుల్లోకి వస్తాడు. ఈ నల్లరంగు మృతలోకంనుంచి తిరిగివచ్చిన ప్రాచీన దేవతకు చిహ్నమని పురాణ పండితుడు మెహర్దాద్ బహార్ ప్రతిపాదించగా, దానిని చాలామంది సంతోషంగా స్వీకరించారు. కాని ఆ వేషగాని పేరు ఖ్వాజాలకు పెట్టిన పేరు, యాస భాష సరిగా రాని బానిస యాస, పాట యజమానికి పాడే పాట. పురాణంకన్నా కజార్ కాలపు వీధే దీనికి దగ్గరి చిరునామా. సియాబాజీ, అంటే నల్లవాని ఆట అనే హాస్యనాటకంలోనూ, ముబారక్ అనే నల్లముఖపు బొమ్మలోనూ కనిపించే సేవకుడు యజమానిని నోటిదురుసుతో ఏడిపిస్తాడు. సాదీ అఫ్షార్ వంటి నటులు ఈ పాత్రను గొప్ప కళగా మలిచారు. ఆ కళను కాదనలేము, ఆ మసిని మరచిపోనూ లేము.

బహ్రాం బేజాయీ తీసిన, 1989లో విడుదలైన బాషూ చిత్రంలో ఇరాక్‌తో జరిగిన యుద్ధం నుంచి పారిపోయి కాస్పియన్ తీరానికి చేరిన ఖూజిస్తాన్ నల్ల పిల్లవాణ్ణి గ్రామీణ స్త్రీ నదిలో కూర్చోబెట్టి రంగు పోతుందేమోనని తోముతుంది. ఆ పిల్లవాడు తనతోటి ఇరానీయుడన్న సంగతే ఆ ఊరివారికి తట్టదు. తరువాతి దశాబ్దాలలో పరిశోధన వేగం పుంజుకుంది: బెహనాజ్ మీర్జాయీ డాక్యుమెంటరీలు, 2017లో వచ్చిన ఆమె బానిసత్వ చరిత్ర, 2015లో మహదీ ఎహసాయీ హొర్మొజ్గాన్ ఫోటోల పుస్తకం, 2024లో బీతా బఘూలీజాదే గ్రంథం వరసగా వెలువడ్డాయి. ఇవన్నీ కెనడా, జర్మనీ, అమెరికాలలో తయారైనవి. వీటికి ఆధారమైన పత్రాలలో అత్యధికం ఆంగ్ల కాన్సులేట్లు రాసుకున్నవీ, యజమానులు దాచుకున్నవీ. మీనాబ్, కెష్మ్ కుటుంబాల నోట ఉన్న చరిత్రను ఆ కుటుంబాలవారే రాసి ప్రచురించే పని ఇంకా మిగిలే ఉంది.